నక్షల సారు, కట్టెల పెద్దమ్మ

పోయిన నెల శకుంతల చనిపోయిందని తెలిసి హిమాయత్‌నగర్ వెళ్లాను. శకుంతల మాకు చుట్టం కాదు. నా చిన్నతనంలో నాంపల్లిలో మేము కిరాయికున్న ఇంటి యజమానురాలు మాణెమ్మకు ఒక్కతే కూతురు, నాకంటే నాలుగేళ్లు పెద్దది. పరామర్శకు వచ్చినవాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోయాక శకుంతల కూతురు నా పక్కన కూర్చుని, "మా అమ్మమ్మ టింబర్ బిజినెస్ చేసేదంట కదా ఆంటీ. అమ్మ ఎప్పుడూ వివరంగా చెప్పలేదు" అంది. "టింబర్ కాదమ్మా, పొయ్యిలోకి కట్టెలు అమ్మేది" అన్నాను. ఆ అమ్మాయి ముఖం కాస్త చిన్నబోయింది. అందులో తప్పుపట్టడానికేమీ లేదు. గ్యాసు పొయ్యి తప్ప మరొకటి చూడని పిల్లకు కట్టెలమ్మడం అంటే ఏం కనిపిస్తుంది? కానీ ఇంటికి తిరిగి వస్తుంటే నాకే దిగులేసింది. అడిగిన పిల్లకు ఒక్క ముక్క చెప్పి లేచి వచ్చేశాను. ఆ కట్టెలమ్మిన మనిషి ఎటువంటిదో చెప్పలేదు. ఇక్కడ చెప్పాలని చూస్తాను.

నాంపల్లి స్టేషను నుంచి ఆబిడ్స్‌కు వెళ్లే దారి పక్క సందుల్లో ఒకదాంట్లో ఉండేది ఆ ఇల్లు. ముందు పెద్ద వాకిలి, వాకిలి నిండా కట్టెల దొంతరలు, వెనక రెండు పోర్షన్లు. ఒకదాంట్లో మాణెమ్మ, శకుంతల. రెండోదాంట్లో అమ్మ, నాన్న, నేను. మాది రాజమండ్రి. యాభై ఆరులో కొత్త రాష్ట్రం ఏర్పడి ఆఫీసులన్నీ కర్నూలు నుంచి హైదరాబాదుకు కదిలినప్పుడు వాటితో పాటు కదిలి వచ్చిన కుటుంబాల్లో మాదొకటి. నాన్న అడవుల శాఖలో డ్రాఫ్ట్స్‌మన్. అంటే అడవులకు పటాలు గీసే ఉద్యోగం. ఆ ఉద్యోగం పేరు మాణెమ్మ నోరు తిరగక, తిప్పుకోవాలన్న పట్టింపు కూడా లేక, వచ్చిన వారంలోనే ఆయనకు 'నక్షల సారు' అని పేరు పెట్టేసింది. నేను ఆమెను పెద్దమ్మా అనేదాన్ని. భర్త పోయాక దుకాణం మూసెయ్యమని బంధువులు చెప్పినా వినకుండా, తలకు కొంగు చుట్టుకుని కట్టెలు తూచే కాంటా దగ్గర తనే నిలబడిన మనిషి.

ఆ ఇంట్లో పొద్దు గొడ్డలి చప్పుడుతో మొదలయ్యేది. నిద్రలోంచి లేవకముందే ముక్కుకు తగిలే వాసనను బట్టి నిన్న ఏ కట్టె వచ్చిందో నాకు తెలిసేది. తుమ్మకు వగరు వాసన. టేకు పేళ్లకు పాత తోలుచెప్పు లాంటి వాసన. వానకు తడిసిన మోదుగ అయితే పుల్లగా, ఏదో పులిసిపోయినట్టు ఉండేది. అమ్మ గోదావరి ఒడ్డున సరుగుడు కట్టెలతో వండిన మనిషి కాబట్టి మొదట్లో ఈ కట్టెలను చూసి పెదవి విరిచేది. తరవాత్తరవాత ఆవిడకూ పట్టు దొరికింది. "పప్పుకు తుమ్మ కావాలండీ మాణెమ్మగారూ, నిలకడగా మండుతుంది. మోదుగ ఇచ్చారంటే పొగకు మా ఆయన వంటింట్లోకి కూడా రారు" అనేది. "సారు వంటింట్లకెందుకొస్తడు, నక్షల్లో ఉంటడు గని" అని పెద్దమ్మ నవ్వేది. ఆరేసిన బట్టల మీద చెక్కపొట్టు పడేది. మడత విప్పితే గౌనులోంచి రాలేది. కట్టెల మధ్య తేళ్లుండేవి. పెద్దమ్మ తేలును పట్టకారుతో ఎత్తి డబ్బాలో వేసి, స్టేషను గోడ అవతల వదిలి వచ్చేది. "అది గూడ అడవిల నుంచి నా లెక్కనే పట్నం చేరింది పాపం" అనేది. నిజానికి ఆమె అడవి నుంచి రాలేదు. అఫ్జల్‌గంజ్‌లో పుట్టి నాంపల్లికి కాపురానికి వచ్చింది. అడవిని ఒక్కసారి కూడా చూడలేదు.

నాన్న ఆదివారాల్లో కూడా పని ఇంటికి తెచ్చుకునేవారు. మెరిసే నీలం గుడ్డ లాంటి ట్రేసింగ్ క్లాతును బల్ల మీద పరిచి, నాలుగు మూలలా ఇత్తడి గ్లాసులు పెట్టి, నల్లసిరా కలంతో ఊపిరి బిగబట్టి గీతలు గీసేవారు. ఆయన గీస్తుంటే అమ్మ వంటింట్లో పోపు పెట్టడం కూడా ఆపేది, తుమ్మొస్తే గీత వంకర పోతుందని. అటువంటి ఒక ఆదివారం నేను అడిగాను, అడవి మీద ఈ గళ్లేమిటి నాన్నా అని. "ఇవి కూపులు. ఈ అడవిని ముప్పై ముక్కలు చేశాం. ఏడాదికి ఒక ముక్కలోనే కట్టె కొడతారు. మిగతా ఇరవై తొమ్మిదింటి జోలికి పోరు. ముప్పయ్యో ముక్క కొట్టేసరికి మొదటి ముక్క మళ్లీ పెరిగి సిద్ధంగా ఉంటుంది" అన్నారు. "మరి ఎవరైనా ఆగకుండా ముందే కొట్టేస్తే?" అన్నాను. నాన్న కలం తుడిచి పక్కన పెట్టారు. "అప్పుడు నేను గీసింది ఉత్త బొమ్మ అవుతుంది" అన్నారు.

సాయంత్రం ఆయన ఆఫీసు నుంచి రాగానే పెద్దమ్మ ఒక దుంగను ముందుకు దొర్లించి, "గిదేం చెట్టు సారూ?" అని పరీక్ష పెట్టేది. నాన్నకు ఆకు చూస్తే తెలుస్తుంది గానీ కొట్టేసిన కట్టెను చూస్తే చాలాసార్లు తెలిసేది కాదు. ఆమె మాత్రం దుంగను ఒకసారి వేలితో కొట్టి, కోసిన వైపు వాసన చూసి, నల్లమద్ది అనో తునికి అనో చెప్పేసేది. ఎప్పుడు నరికారో, ఎన్ని వానలు చూసిందో కూడా చెప్పేది. నాన్నకు అది అద్భుతంగా ఉండేది. ఇంటికొచ్చి కాళ్లు కడుక్కుంటూ, "మా ఆఫీసులో ఎవరికీ ఈ విద్య లేదే" అని అమ్మతో అనేవారు.

నేను ఆరో తరగతిలో ఉన్న ఏడు, వానాకాలం మొదట్లో, ఒక లారీ వచ్చింది. ఎప్పుడూ వచ్చే లారీయే, ఎప్పుడూ తెచ్చే మనిషే. కానీ దింపిన కట్టెలు మాత్రం ఎప్పటిలా లేవు. అన్నీ నా చెయ్యి లావున, నిటారుగా, పచ్చి బెరడుతో ఉన్నాయి. నాన్న గొడుగు మడుస్తూ లోపలికి వస్తూ వాటి దగ్గర ఆగిపోయారు. ఒకటి చేతిలోకి తీసుకుని గోరుతో బెరడు గీకారు. లోపల పచ్చగా తడి కనిపించింది.

"ఇవి కొట్టాల్సినవి కావండీ మాణెమ్మగారూ. అయిదారేళ్ల పిల్లచెట్లు. ఏ కూపులోవీ కావు" అన్నారు.

"నేను గొట్టిన్నా సారూ? నా గేటుకొచ్చినయ్, దింపుకున్న."

"మీరు దింపుకుంటారని తెలిసే కదండీ వాడు కొట్టుకొస్తున్నాడు."

చుట్టూ నలుగురు కొనేవాళ్లున్నారు. పెద్దమ్మ ముఖం మాడిపోయింది. "కిరాయికున్నోళ్లు కిరాయికున్నట్టుండాలె సారూ. నా దుకాణం ఎట్ల నడపాల్నో మీ నక్షల రాసి లేదు" అంది. నాన్న కట్టెను మెల్లగా దొంతర మీద పెట్టి లోపలికి వచ్చేశారు.

ఆ తరవాత మూడు వారాలు రెండు పోర్షన్ల మధ్య మాటల్లేవు. నాన్న వాకిట్లోంచి తల వంచుకుని వెళ్లేవారు. పెద్దమ్మ కాంటా వైపు తిరిగి నిలబడేది. అమ్మ మధ్యలో నలిగిపోయింది. మొజంజాహీ మార్కెట్ వెనక ఇల్లు ఖాళీ ఉందని ఎవరో చెబితే పోయి చూసి కూడా వచ్చింది. నేనూ శకుంతలా మాత్రం వెనక పెరటి గోడ మీద కూర్చుని, పెద్దవాళ్లకు తెలియకుండా మాట్లాడుకునేవాళ్లం. ఇల్లు మారితే నేను ఏ బడికి వెళతానన్నది మా ఇద్దరికీ పెద్ద సమస్య.

ఒకరోజు పొద్దున్నే పెద్దమ్మ మా గుమ్మం ముందుకు వచ్చి నిలబడింది. చేతిలో ఒక కట్టె ఉంది. ఆ లారీలో వచ్చిన వాటిలోదే. వానకు తడుస్తూ దొంతర పైన పడి ఉన్న ఆ కట్టెకు చివర రెండు చోట్ల చిగుళ్లు వేశాయి. ఎర్రగా, లేతగా, పసిపిల్ల చెవుల్లా ఉన్నాయి.

"గిదేంది సారూ?" అంది. మూడు వారాల తరవాత మొదటి మాట. "కాంటా మీద పెట్టబోతుంటే కనవడ్డది. నాకు చేతులు రాలే."

నాన్న ఆ కట్టెను అందుకుని వెలుతురులోకి తిప్పి చూశారు. "గుంపెన. దీనికి ప్రాణం గట్టిదండీ. నరికినా ఒక పట్టాన చావదు. సరిగ్గా నరికితే మొదలు నుంచి మళ్లీ చెట్టవుతుంది."

"సరిగ్గా నరుకుడంటే ఎట్ల?"

"చెబితే తెలియదు. చూడాలి."

"అయితె చూపెట్టున్రి" అంది పెద్దమ్మ. "ముప్పై ఏండ్ల నుంచి అడవి తిండే తింటున్న. ఒక్కపారి దాని మొఖం చూడద్దా."

ఆ ఆదివారం నాంపల్లి స్టేషన్లో పొద్దుటి పాసింజరు ఎక్కి వికారాబాద్ వైపు వెళ్లాం. నాన్న, పెద్దమ్మ, నేను. అమ్మ పులిహోర కట్టిచ్చింది. పెద్దమ్మ జొన్నరొట్టెలు, ఉల్లికారం తెచ్చింది. బండి కదిలాక రెండు మూటలూ విప్పి అటూ ఇటూ మార్చుకున్నారు. తగవు అక్కడితో తీరిపోయిందని నాకు అర్థమైంది. దిగాక బస్సు, తరవాత నడక. నాన్నకు తెలిసిన గార్డు ఒకాయన మమ్మల్ని లోపలికి తీసుకెళ్లాడు. బక్కపలచటి మనిషి, ఖాకీ చొక్కా, కాళ్లకు టైరు చెప్పులు. ఆయనకు పెద్దమ్మ ఎవరో చెప్పలేదు. మా ఇల్లుగలావిడ, అడవి చూస్తానంటే తీసుకొచ్చాను అన్నారు నాన్న.

ఒక బండిబాటకు అటొకటి ఇటొకటి రెండు తావులు చూపించాడు గార్డు. కుడివైపు పోయినేడు కొట్టిన కూపు. చెట్లను నేలకు దాదాపు ఆనించి, వాలుగా, నున్నగా నరికారు. వాన నీళ్లు నిలవకుండా జారిపోవడానికి అలా వాలు పెడతారట. ప్రతి మొదలు నుంచీ నడుమెత్తున కొత్త కొమ్మలు లేచాయి. అక్కడక్కడా పెద్ద చెట్లను విత్తనానికని వదిలేశారు. గార్డు ఒక గుబురు దగ్గర కూర్చుని, "గిట్ల పది మొలకలొస్తయమ్మా. రెండు గట్టియి ఉంచి కడమయి తీసేస్తం. అన్నీ ఉంచితే ఒక్కటి గూడ చెట్టు కాదు" అన్నాడు. ఎడమవైపు దొంగతనంగా కొట్టిన తావు. మనిషి వంగడానికి కూడా ఓపిక పట్టకుండా నడుమెత్తున ఎక్కడ పడితే అక్కడ నరికిపోయారు. మొదళ్లు నిలువునా చీలిపోయి, బెరడు ఊడి, పుచ్చిపోయి ఉన్నాయి. మొలిచిన ఒకటీ అరా చిగురును మేకలు కొరికేశాయి. ఒకటే మన్ను, ఒకటే వాన. బాటకు అటు అడవి, ఇటు బీడు.

పెద్దమ్మ ఎడమవైపు వెళ్లి చీలిన మొద్దు ఒకదాని ముందు గొంతుక్కూర్చుంది. దుకాణంలో చేసినట్టే వేలితో కొట్టి చూసింది. వంగి వాసన చూసింది. చాలాసేపు లేవలేదు. తరవాత గార్డును అడిగింది, "గిట్ల కొట్టేదెవరు?"

"ఎవరని చెప్పాలమ్మా. కొనేటోళ్లుంటె కొట్టేటోళ్లుంటరు. గీ కట్టెంత పట్నంకే పోతది. ఆడ కొనెటోళ్లకు గిదంత ఎట్ల కనవడ్తది?"

పెద్దమ్మ చేతికంటిన పుచ్చు పొడిని కొంగుకు తుడుచుకుంది. నాన్న తల తిప్పి దూరంగా చూశారు. నాకు ఏదో చెప్పెయ్యాలనిపించింది గానీ నాన్న చెయ్యి నా భుజం మీద పడింది.

తిరుగు బండిలో ఆమె కిటికీ పక్కన కూర్చుంది. చాలా స్టేషన్లు దాటిన తరవాత, "నేనెవరో ఆయనకు ఎందుకు చెప్పలే సారూ?" అంది.

"మీ మాట మీరు చెప్పుకోవాలి గానీ నేనెందుకు చెప్పడం" అన్నారు నాన్న.

"చెప్పేందుకు నోరు రాలే నాకు" అంది. అంతే.

మరుసటి లారీ వచ్చినప్పుడు నేను బడికి సెలవై ఇంట్లోనే ఉన్నాను. పెద్దమ్మ గేటు తెరవలేదు. లారీ వెనక తలుపు దింపించి, పైకెక్కి, ఒక్కొక్క కట్టెనూ చూసి దిగింది. "పసి కట్టె. నా కాంటా ఎక్కది, వాపస్ తీస్కపో" అంది. లారీ మనిషి ముందు నవ్వాడు, తరవాత బతిమిలాడాడు, చివరికి, "నువ్వొద్దంటే పక్క దుకాణపాయన తీస్కుంటడు పెద్దమ్మా. అడవికేం ఫరక్ పడదు, నీ దుకాణమే బందయితది" అన్నాడు. "కానియ్" అంది ఆమె. అన్నట్టే పక్క దుకాణపాయన తీసుకున్నాడు. మేము గేటు దగ్గర నిలబడి ఉండగానే ఆ లారీ నాలుగు గజాల అవతల ఆగి, సరుకంతా అక్కడ దింపింది.

ఆ వానాకాలం గడవడం కష్టమైంది. లారీ మనిషి మళ్లీ రాలేదు. అడవుల శాఖ డిపోలో ముద్ర పడిన కూపు కట్టె దొరుకుతుంది గానీ దానికి వేలం, వరస, వారాల తరబడి ఎదురుచూపు. రోజూ కట్టె కొనే ఆబిడ్స్ హోటళ్లవాళ్లు ఒక్కొక్కరే పక్క దుకాణానికి మారిపోయారు. దొంతరలు కరిగి, వాకిట్లో నేల కనిపించసాగింది. అంత ఖాళీ వాకిలిని నేను ఎప్పుడూ చూడలేదు. శకుంతల తల్లి మీద కోపంతో అన్నం మానేసి మా ఇంట్లో తినేది. "నక్షల సారు మాటలు విని మా అమ్మ మమ్మల్ని ముంచింది" అని మా అమ్మ ముందే ఏడ్చింది. నాన్న ఆ మాట విన్నారు. ఆయన ఆ రోజుల్లో సరిగ్గా నిద్రపోయినట్టు నాకు గుర్తులేదు. "మంచి చెప్పాననుకున్నాను. నా జీతం మాత్రం ఒకటో తారీఖున వస్తూనే ఉంది కదా" అని అమ్మతో అనడం విన్నాను.

దారి చూపించింది నాన్న కాదు, అమ్మ. గోదావరి జిల్లాల్లో ధాన్యం ఊకతో మండే పొయ్యిలుంటాయి. నాంపల్లి చుట్టుపక్కల కోతమిషన్ల దగ్గర రంపపు పొట్టు గుట్టలుగా పడి ఉండడం అమ్మ రోజూ చూస్తూనే ఉంది. ఒక పొద్దున పాత నూనె డబ్బాకు కింద కన్నం పెట్టించి, మధ్యలో సీసా నిలబెట్టి, దాని చుట్టూ పొట్టు పోసి, పచ్చడి దంచే బండతో గట్టిగా కూరింది. సీసాను మెల్లగా తిప్పుతూ పైకి లాగితే మధ్యలో గొట్టంలా ఖాళీ మిగిలింది. కింద కన్నంలోంచి ఒక పుల్ల వెలిగించి పెట్టింది. ఆ డబ్బా మీద అన్నం, పప్పు, చారు అన్నీ అయ్యాయి. ఇంకా నిప్పు మిగిలే ఉంది. పెద్దమ్మ మూడు గంటలు దాని ముందు పీట వేసుకుని కూర్చుంది. మూడో గంటకు, "పొగ గూడ లేదేంది" అని నవ్వింది. ఆ నెలల్లో ఆమె నవ్వడం అదే మొదలు.

అక్కడి నుంచి దుకాణం మళ్లీ లేచింది. పొట్టు బస్తాలు, కోతమిషన్ల చెక్క ముక్కలు, ఊరి చుట్టూ కాపు ఉడిగిన మామిడి తోటల కట్టె, నెలకొకసారి డిపో నుంచి ముద్ర పడిన కట్టె. సందులో ఆడవాళ్లకు పొట్టు కూరడం అమ్మే నేర్పింది. హోటళ్లవాళ్లలో ఇద్దరు తిరిగి వచ్చారు, మిగతావాళ్లు రాలేదు. పక్క దుకాణపాయన ఆ తరవాతా పచ్చి కట్టెలు దింపుకుంటూనే ఉన్నాడు. పెద్దమ్మ చేసిన పనికి వికారాబాద్ వైపు ఆ అడవి మిగిలిందని నేను చెప్పలేను. అటువంటి కథ చెబితే నాన్నే ఒప్పుకోరు. కొన్ని లారీల కట్టె ఆ గేటు దాటలేదు, అంతే.

ఇప్పుడు ఆ వాకిట్లో నాలుగంతస్తుల లాడ్జి ఉంది. మా అపార్టుమెంటులో ఏడు తలుపులున్నాయి. అవి ఏ చెట్టువో, అసలు చెట్టువో కాదో నాకు తెలియదు. కొన్నప్పుడు రంగు గురించి అడిగాను గానీ ఊరు అడగలేదు. ఆనాడు మా అమ్మకు పొయ్యిలో కట్టె పేరు తెలుసు, అది ఏ దిక్కు నుంచి వచ్చిందో తెలుసు, ఎవరి చెయ్యి మీదుగా వచ్చిందో కూడా తెలుసు. పొగకు కళ్లు పాడయ్యాయి, ఆ రోజులే బాగున్నాయని నేను అనను. గ్యాసు వచ్చిన రోజు అమ్మ పొయ్యికి పసుపు రాసి మరీ సంబరపడింది. కానీ మనం వాడుకునేది ఎక్కడి నుంచి తెగి వస్తోందో చూడాలని రైలెక్కిన మనిషిని నేను మళ్లీ చూడలేదు. మొన్న మా వీధిలో కానుగ చెట్టును కరెంటు తీగలకు అడ్డమని నడిమికి నరుకుతుంటే, కిందికి దిగి, వాలుగా కొయ్యండి, చీల్చకండి అని చెప్పాను. వాళ్లలో ఒకాయన, "మేడమ్‌కు ఎట్ల తెలుసు?" అన్నాడు. చిన్నప్పుడు మా ఇల్లుగలావిడకు అడవి గార్డు చూపిస్తుంటే చూశానన్నాను.

నాన్న రిటైరయ్యాక కూడా ఆ పోర్షన్ వదల్లేదు. అక్కడే పోయారు, ఒక మాఘమాసపు పొద్దున. అప్పటికి నాకు పెళ్లయి, టీచరు ఉద్యోగంలో ఉన్నాను. గ్యాసు వచ్చి పెద్దమ్మ దుకాణం దాదాపు ఖాళీ అయింది. ఆమెకు నడుము వంగింది, చూపు మందగించింది. మా పెదనాన్న కొడుకు, వరసకు అన్నయ్య, శ్మశానంలోనే కట్టెలు మాట్లాడేస్తానని బయలుదేరుతుంటే ఆమె గేటుకు అడ్డంగా నిలబడింది. "సారుకు ఆడి కట్టె ఎందుకు? నేనున్నగద" అంది.

తర్వాత ఆమె చేసింది వాకిట్లో ఉన్నవాళ్లందరం చూశాం. మిగిలిన దొంతర దగ్గరికి కర్ర ఊతగా వెళ్లి, కింద కూర్చుని, ఒక్కొక్క దుంగనూ తన ముందుకు దొర్లించుకుంది. కళ్లు సరిగ్గా ఆనవు కాబట్టి అరచేత్తో తడిమి లావు చూసింది, వేలితో కొట్టి వింది, వాసన చూసింది. ముసలి మామిడి దుంగలు ఒక పక్కకు చేరుతున్నాయి. ఆలస్యమవుతోందని ఎవరో గొణిగారు. ఆమె వినిపించుకోలేదు. అమ్మ గుమ్మంలో నిలబడి, "కానివ్వండి, ఆవిడను తొందర పెట్టకండి" అంది.

బండి నిండుతుండగా ఆ అన్నయ్య తక్కువ పడతాయేమోనని పక్క దుకాణం నుంచి సన్నటి కట్టెలు రెండు తెచ్చి పైన వేశాడు. ఆ చప్పుడుకే పెద్దమ్మ తల తిప్పింది. లేచి బండి దగ్గరికి వచ్చి, చేత్తో వెతికి ఆ రెండింటినీ బయటికి లాగింది.

"పసియి, బిడ్డా" అంది అన్నయ్యతో, కోపం లేకుండా. "గివి పెడితే సారు పండుకోడు."